బిలాస్‌పూర్‌లో నోటి మెడికల్

అయ్యలారా, అమ్మలారా! ఈ దేశంలో నోరున్న ప్రతి మనిషికీ ఏడాదికోసారి నోటి మెడికల్ పెట్టాలి. కళ్ళకు పెడుతున్నారు, చెవులకు పెడుతున్నారు, టేపు తెచ్చి ఛాతీ కొలుస్తున్నారు. అన్నిటికంటే ఎక్కువ యాక్సిడెంట్లు చేసే అవయవాన్ని మాత్రం ఏ పరీక్షా లేకుండా వీధిలోకి వదిలేస్తున్నారు! బ్రేకు చూడకుండా ఇంజన్ని షెడ్డు దాటించే రైల్వే ఎక్కడైనా ఉందా?

ఈ మాట ఊరికే అనడం లేదు. ఆ పరీక్షకు కూర్చున్నవాణ్ణి, పాసైనవాణ్ణి. బిలాస్‌పూర్ రైల్వే కాలనీ మొత్తం మీద, లోకో షెడ్డు నుంచి గూడ్సు యార్డు దాకా, తెలుగు అక్షరాలన్నిటినీ శుద్ధంగా పలకగల నోరు నాదొక్కటే. స్వహస్తాలతో రాస్తున్నాను, నమ్మండి. నేను "ఖడ్గం" అన్నానంటే మూడు గజాల దూరంలో కొవ్వొత్తి ఆరిపోతుంది.

సరే, మూడు గజాలు కాదు, జానెడు. ఆరిపోవడం కాదు, కదలడం. కదలడం కూడా కాదు. పరీక్ష పెట్టిన ప్రొఫెసరుగారు కొవ్వొత్తిని నా ముక్కు కిందకు తెచ్చి పెట్టి ఇంకోసారి అనమన్నారు. అన్నాను. జ్వాల గార్డుగారి ముందు పోర్టరులా నిటారుగా నిలబడింది. ఆయన పుస్తకంలో ఏదో గీసుకుని, "నువ్వన్నది కడ్గం నాయనా" అన్నారు. ఆ రోజు నాకు జరిగిందల్లా మీసం ఒకవైపు కాలడమే.

ఇక్కడ కలం కాసేపు ఆగింది. ఎందుకు ఆగిందో చివర చెబుతాను.

ప్రొఫెసరుగారి పేరు ఆదినారాయణగారు. విజయనగరం వైపు మనిషి. సముద్రం దాటి వెళ్ళి, నాలుగేళ్ళపాటు, మనుషులు నోరు తెరిస్తే లోపల ఏం జరుగుతుందో చదువుకుని వచ్చారు. మనం పుట్టిన దగ్గర్నుంచీ ఉచితంగా చేసే పనికి అక్కడ కాలేజీ ఉందట! కిందటి చలికాలం ఆయన నాలుగు పెట్టెలతో మా స్టేషన్‌లో దిగారు. ఈ లైను వేసిన కొత్తలో సాలూరు, పాలకొండ, బొబ్బిలి వైపుల నుంచి మూటాముల్లె నెత్తిన పెట్టుకుని వచ్చిన మావాళ్ళు, ఆ మూటల్లో తెచ్చుకున్న తెలుగు ఇన్నేళ్ళకు ఏమైందో చూడాలని ఆయన పట్టుదల. పాడైందా? పెరిగిందా? హిందీ తగిలి రంగు మారిందా?

రైల్వే ఇన్‌స్టిట్యూట్ వరండాలో బల్ల వేసుకున్నారు. ముక్కు కింద పెట్టే అద్దం తీశారు. "మ" అంటే దాని మీద ఆవిరి పడాలి, "బ" అంటే పడకూడదు. అంగిట్లో అతికించే పల్చటి రేకు తీశారు. దాని మీద తెల్లటి పొడి జల్లి, నోట్లో పెట్టి, "ళ" అనమని, రేకు బయటికి తీసి నాలుక ఎక్కడ తగిలిందో చూస్తారు. మసి పట్టించిన కాగితం చుట్టిన చిన్న డోలు ఒకటి. అది గిర్రున తిరుగుతుంటే మీరు గొట్టంలో మాట్లాడాలి, మీ మాట ఆ మసి మీద సూదితో గీతలు గీసుకుంటూ పోతుంది. పెద్ద బూరా, దాని కింద మైనపు గొట్టం ఉన్న మిషను ఇంకొకటి, మాటను పట్టి దాచడానికి. చివరగా కొవ్వొత్తి. కొన్ని అక్షరాలకు నోటి నుంచి గాలి గట్టిగా రావాలి, కొన్నిటికి రాకూడదు. ఆ సంగతి కొవ్వొత్తి చెబుతుంది.

ఇదంతా ఆయన రాసుకునే లిపి తెలుగు కాదు, హిందీ కాదు, ఇంగ్లీషూ కాదు. ఒక అక్షరం తలకిందులు. ఒకదానికి తోక. ఒకదానికి కొక్కెం. భూమ్మీద ఏ మనిషి ఏ కూత కూసినా అందులో పట్టి పెట్టొచ్చట. యార్డులో నెంబర్ టేకర్ని, వేగన్ల నెంబర్లు రాసుకోవడం నా డ్యూటీ. నా కంటికి ఆ పేజీలో షంటింగు జరుగుతున్నట్టుంది.

మీసం కాలిన మనిషి ఊరుకుంటాడా? ఆ సాయంత్రమే కుళాయి దగ్గర బంగార్రాజు ఎదురయ్యాడు. గూడ్సు డ్రైవరు, పాతికేళ్ళ సర్వీసు, ఇంజను తప్ప దేనికీ భయపడడని పేరు. ఆ కోటుబాబు దీపాలు పెట్టుకుని ఏం చేస్తున్నాడని అడిగాడు. నేను అటూ ఇటూ చూసి, గొంతు తగ్గించి, ఇది రైల్వేవాళ్ళ కొత్త నోటి మెడికల్ అని చెప్పాను. ఇంజను మోతలో డ్రైవరు కేక ఫైర్‌మన్‌కు వినపడాలి కదా! మాటతో కొవ్వొత్తి ఆర్పినవాడు ఫిట్. ఆర్పలేనివాడు ల్యాంపు రూముకి.

మీరైతే నవ్వేవారు. రైల్వేవాడు నవ్వడు. ఎందుకంటే మా అసలు మెడికల్ మీరు చూడలేదు. డాక్టరుగారు బల్ల మీద రంగురంగుల ఊలు దారాలు కుప్ప పోసి, ఎర్రది తియ్యమంటారు. బంగార్రాజు సొంత మేనమామ, ఎక్స్‌ప్రెస్‌లు నడిపినవాడు, ఒక ఉదయం ఎర్ర దారమనుకుని ఇటుకరంగు దారం తీశాడు. మర్నాటి నుంచి రిటైరయ్యేదాకా ల్యాంపు రూములో లాంతర్లకు నూనె పోశాడు. దారం ముక్క మనిషిని ఇంజను మీంచి దింపగలిగితే కొవ్వొత్తి దింపలేదా? బంగార్రాజు బిందె నిండకుండానే వెళ్ళిపోయాడు. గంటలో కాలనీ అంతా తెలిసిపోయింది.

ఇప్పుడు నోటి మెడికల్ వల్ల కలిగిన లాభాలు వినండి.

తెలిపారా బజారు కొట్లలో కొవ్వొత్తులు అయిపోయాయి. తెలుగువాళ్ళకు ఈ నెలలో ఏం పండగని షావుకార్లు ఒకరినొకరు అడుక్కున్నారు. కుళాయి దగ్గర తగువులు ఆగిపోయాయి. ఊపిరి ఎవరు వృథా చేస్తారు? కనకం, పక్క లైన్లో ఆవిడ, తన బిందె జరిపినవాళ్ళను మెడికల్ అయ్యాక తిడతానని వాయిదా వేసింది. ఆవిడ మొగుడికి ఊదడం నేర్పబోయి పొయ్యి మీద ఊదితే, పాలు ఒక్క ఊపిరికే పొంగి, బొగ్గులు పక్క క్వార్టర్లో పడ్డాయి. వాళ్ళకు అగ్గిపుల్ల ఖర్చు కలిసొచ్చింది. పాయింట్స్‌మన్ అమ్మన్న మూడు రోజులు పిప్పళ్ళ కషాయం తాగి, నాలుగో రోజు బజారులో మరమరాలు బేరమాడటానికి "భయ్యా" అన్నాడు. బుట్టలో మరమరాలు లేవు. అర్పా నది అవతల, సర్కండాలో, ఆరేసిన ధోవతి ఒకటి అదే సమయంలో ఎగిరిపోయిందని విన్నాను. నేను చూడలేదు కాబట్టి ఒట్టు వెయ్యను.

అన్నిటికంటే పెద్ద లాభం ఇళ్ళలో జరిగింది. మావాళ్ళ మాటలో గాలి తక్కువ. ఎన్నిసార్లు మాట్లాడినా జ్వాల కదలదు. పిల్లలు మాత్రం బడిలో హిందీ చదువుతారు. వాళ్ళు "అచ్ఛా" అంటే కొవ్వొత్తి వణుకుతుంది, "ఘర్" అంటే వంగుతుంది, "ఫూల్" అంటే పోతుంది! పాతికేళ్ళు ఇంజను నడిపిన బంగార్రాజు తన ఆరేళ్ళ కూతురి ముందు బాసింపట్టు వేసుకుని కూర్చుని "అచ్ఛా, అచ్ఛా" అని కోచింగు తీసుకోవడం నా కళ్ళతో చూశాను. ఆ పిల్ల "నై నాన్నా, ఫిర్ సే" అంటే, మళ్ళీ మొదటినుంచీ మొదలుపెట్టేవాడు. కన్నబిడ్డ దగ్గర వినయం నేర్పే పరీక్ష ఇంకోటి చూపించండి!

ఇక ప్రొఫెసరుగారి ఆనందం చెప్పలేను. ఆయన అమ్మన్నను ఇంటిని ఏమంటారని అడిగితే, అమ్మన్న ఛాతీ నింపుకుని "హ్హిల్లు" అన్నాడు. కొవ్వొత్తి పోయింది. నీళ్ళను ఏమంటారంటే "న్హీల్లు". పోయింది. బంగార్రాజు తన పేరు చెబితే కొవ్వొత్తితో పాటు బల్ల మీది కాగితాలు పోయాయి. ప్రొఫెసరుగారు కాగితాలు ఏరుకుని, అగ్గిపుల్ల గీసి, మళ్ళీ రాసుకున్నారు. ఇన్నేళ్ళలో బిలాస్‌పూర్ తెలుగు గాలితో నిండిపోయిందని, ఇంత గాలి ఉన్న భాష భూగోళం మీద ఇంకోటి లేదని, సముద్రం అవతల తన గురువుకు ఉత్తరం మొదలుపెట్టారట. ఒక యువకుడి చిన్న సాయంతో శాస్త్రం ఇంత ముందుకు ఎప్పుడైనా వెళ్ళిందా?

అంతా బాగానే జరుగుతోంది. అప్పుడు సింహాచలం మావ వచ్చాడు.

మాకు గోడ పక్క గోడ. ఫైర్‌మన్. పద్నాలుగేళ్ళుగా బొగ్గు వేస్తున్నాడు. చిన్నప్పుడు నన్ను భుజాన ఎక్కించుకుని షెడ్డుకి తీసుకెళ్ళి మొదటిసారి ఇంజను చూపించింది ఆయనే. ఇన్నాళ్ళకు ఆయన పేరు డ్రైవరు లిస్టులోకి వచ్చింది. వచ్చే సోమవారం అసలు మెడికల్, దారాలది. ఆయన భార్య చిన్నమ్మి అత్త డ్రైవరు కోటుకని ఇత్తడి బొత్తాలు ముందే తెప్పించి, చింతపండుతో తోమి పెట్టింది. అయితే మావకు పైన రెండు పళ్ళు లేవు. ఒకసారి పార కాడ ఎగిరి తగిలి పోయాయి. ఊదితే గాలి ఆ సందులోంచి కిందకు పోతుంది. గడ్డం ఎగురుతుంది గానీ కొవ్వొత్తి కదలదు.

"ఎర్ర దారం నాను కళ్ళు మూసుకొని తీసీగలనురా సూర్యం," అన్నాడు నాతో. "ఈ కొవ్వొత్తితోనే సావొచ్చింది."

ఆ క్షణంలో నేను చెప్పెయ్యాల్సింది. చెప్పలేదు. పైగా పళ్ళు కట్టించుకోమని సలహా ఇచ్చాను! ఆయన క్యారేజీ షాపులో పారేసిన టేకుముక్క తెచ్చి, రెండు రోజులు చెక్కి, రెండు పళ్ళు చేసుకున్నాడు. ఒకటి కాస్త పొడుగు. మైనంతో అతికించాడు. ఫస్టుక్లాసు పెట్టె కిటికీ టేకు అది. అంత ఖరీదైన పళ్ళు ఏ జమీందారు నోట్లోనూ ఉండవు.

శుక్రవారం పొద్దున్న మావ స్నానం చేసి, విభూతి పెట్టుకుని, ప్రొఫెసరుగారి ముందు కూర్చున్నాడు. వరండా మెట్ల మీద చిన్నమ్మి అత్త, ముగ్గురు పిల్లలు, మేమందరం. డోలు తిరుగుతోంది. "పాప" అనమన్నారు. మావ కళ్ళు మూసుకుని, పద్నాలుగేళ్ళ సర్వీసంతా ఊపిరితిత్తుల్లోకి లాక్కుని, అన్నాడు.

పళ్ళు రెండూ బయలుదేరాయి. ఒకటి డోలుకి తగిలింది, సూది ఎగిరి మసి మీద కొండంత గీత గీసింది. రెండోది అద్దానికి తగిలి టంగుమంది. కొవ్వొత్తి మాత్రం అలాగే వెలుగుతోంది.

ప్రొఫెసరుగారు పళ్ళను చూడలేదు, డోలునే చూస్తున్నారు. లేచి నిలబడ్డారు. ఏ పుస్తకంలోనూ లేని శబ్దమన్నారు. పెదవుల దగ్గర మొదలై, గాలిలో ప్రయాణం చేసి, చివర కర్రలా పేలుతుందన్నారు. దానికి ఆయన లిపిలో కూడా అక్షరం లేదు. అక్కడికక్కడే కొత్తది ఒకటి తయారుచేశారు. గుండ్రంగా చుట్టి, మధ్యలో అడ్డంగా కొట్టి, కింద కొక్కెం పెట్టి, మావ పేరు పక్కన వేశారు.

మేం కుర్రాళ్ళం నలుగురం నవ్వుకోవడానికి ఇన్‌స్టిట్యూట్ వెనక్కి పరిగెత్తాం. తిరిగొచ్చేసరికి మావ వరండాలో లేడు.

మధ్యాహ్నం యార్డులో నన్ను వెతుక్కుంటూ వచ్చాడు. నోట్లో పళ్ళు లేవు, చేతిలో ఉన్నాయి.

"నా పేరు మీద కొట్టీసినాడురా," అన్నాడు. "అడ్డంగా గీత. కింద కొక్కెం. సోమారం డాక్టరు ముందర పదిమందిలో అన్‌ఫిట్ అనిపించుకోడం కన్నా, నానే ముందుగా రాసిచ్చీడం మరియాద. నువ్వు ఇంగిలీషులో రాసియ్యి. నా నోరు పనికిరాదు, డ్రైవరు లిస్టులోంచి నా పేరు తీసీండి, ఫైర్‌మన్‌గానే ఉంటాను అని. షెడ్డాఫీసులో నువ్వే ఇచ్చీ. నాకు ఆ గుమ్మం ఎక్కడానికి కాళ్ళు రావట్నేదు."

అయ్యలారా, నోటి మెడికల్ నిజంగా పెట్టి ఉంటే ఆ నిమిషంలో నా నోరు అన్‌ఫిట్ అయ్యేది. చెయ్యి మాత్రం పనిచేసింది. రాసిచ్చాను. ఆయన సంతకం పెట్టి, బొత్తాలు ఎవరికైనా పనికొస్తాయేమో అడిగి చూడమని, డ్యూటీకి వెళ్ళిపోయాడు.

ఆ కాగితం జేబులో పెట్టుకుని షెడ్డాఫీసు చుట్టూ రెండుసార్లు తిరిగాను. ఇవ్వలేదు. ఇవ్వలేదని మావకు చెప్పనూ లేదు. అంత ధైర్యసాహసాలు గలవాణ్ణి!

ఇక్కడ కూడా కలం ఆగింది. ఈసారి చాలాసేపు.

శనివారం మా మామ్మ, మా నాన్నను కన్నతల్లి, అప్పయమ్మ, ప్రొఫెసరుగారి దగ్గరికి బయలుదేరింది. ఈ లైను మట్టిపనికి తట్ట మోసిన మనిషి. నేను వద్దన్నాను, కాళ్ళు నొప్పులన్నాను, ఎండన్నాను. చలికాలంలో ఎండేమిటని కర్ర తీసుకుని నడిచింది. వరండా నిండా జనం. ఆయన కొత్త మైనపు గొట్టం బిగించి, బూరా ఆవిడవైపు తిప్పి, కొవ్వొత్తి ముట్టించి, ఏదో ఒకటి మాట్లాడమన్నారు.

మామ్మ మాట్లాడింది. లైను పనిలో కూలీలకు పులుపు దొరక్క ఏడ్చిన సంగతి, చింతగింజలు కొంగున కట్టుకుని వచ్చిన సంగతి. అలా మాట్లాడుతూనే ఉంది. జ్వాల కదల్లేదు. ప్రొఫెసరుగారు కొవ్వొత్తి దగ్గరికి జరిపారు. కదల్లేదు. కొవ్వొత్తి మార్చారు. చివరికి, మీ కాలనీవాళ్ళందరూ దీపం ఆర్పేలా మాట్లాడుతున్నారు, మీరొక్కరే ఎందుకిలా అని అడిగారు.

"ఆళ్ళకి మెడికల్ కదా బాబూ," అంది మామ్మ. "నానేటి ఇంజను నడుపుతానేటి, ఊదడానికి?"

ఆయనకు అర్థం కాలేదు. మామ్మ ఓపిగ్గా అంతా చెప్పింది. కొవ్వొత్తి, ఫిట్, ల్యాంపు రూము, పిప్పళ్ళు, టేకు పళ్ళు. ఆయన చేతిలో పెన్సిలు మెల్లగా వాలిపోయింది. ఎనిమిది రోజుల పేజీలు ఒక్కొక్కటే తిప్పి చూసుకున్నారు. ఇది మెడికల్ అని ఎవరన్నారని అడిగారు.

ఎవరూ వేలు చూపించలేదు. బంగార్రాజు నావైపు తిరిగాడు, అంతే. తర్వాత అందరూ తిరిగారు. చిన్నమ్మి అత్త మాత్రం నా మొహం చూడలేదు, నా జేబు చూసింది. సంతకం ఉన్న కాగితం అంచు బయటికి కనిపిస్తోంది.

"అది మీ మావ సంతకం కాదేటి," అంది.

మామ్మ లేచి కర్రతో నాకు కుర్చీ చూపించింది. కూర్చున్నాను. ఎదురుగా బూరా, బూరా పక్కన కొవ్వొత్తి. మిషను తిరుగుతూనే ఉంది.

"నానే సెప్పినాను," అన్నాను. "ఇది మెడికల్ కాదు. నాను కడ్గం అంటే దీపం కదల్నేదు, ఒళ్ళు మండింది. ఆళ్ళతో ఆడుకుందారని సెప్పీసినాను. మావ కాయితం రాసిమ్మన్నాడు, రాసినాను. షెడ్డుకి ఇవ్వనేదు. అప్పుడే సెప్పీవలసింది. బయమేసింది అత్తా."

తల ఎత్తి చూస్తే ప్రొఫెసరుగారు నన్ను చూడటం లేదు. కొవ్వొత్తిని చూస్తున్నారు. జ్వాల ఒక్కసారి కూడా కదల్లేదు.

"ఇంకా చెప్పు నాయనా," అన్నారు. "ఎనిమిది రోజుల్లో మీ అప్పయమ్మగారి తర్వాత నాకు దొరికిన తెలుగు ఇదే."

మైనం నిండేదాకా చెప్పించారు. ఎన్ని తప్పులు చేశానో అన్నీ అడిగారు. చిన్నప్పుడు స్టేషన్ గంట దాచిన సంగతి కూడా వచ్చేసింది. ఆ గొట్టం మీద చీటీ అతికించి పెట్టెలో పెట్టుకున్నారు. బిలాస్‌పూర్ తెలుగు, యువకుడు, సహజమైన మాట. లోకం ఉన్నంతకాలం మా కాలనీ తెలుగు ఎలా ఉంటుందో తెలుసుకోవాలంటే పండితులు నా నేరాలు వినాలి!

సాయంత్రం డ్యూటీ దిగిన మావకు కాగితం నేనే ఇచ్చాను, సంగతి నేనే చెప్పాను. ఆయన దాన్ని నాలుగు ముక్కలు చేసి పొయ్యిలో వేశాడు. టేకు పళ్ళు రెండూ నా చేతిలో పెట్టి, "నీకు పనికొస్తాయిలే, నీ పళ్ళు రాలగొట్టినప్పుడు" అన్నాడు. రాలగొట్టలేదు. సోమవారం మెడికల్‌కి వెళ్ళాడు. ఎర్ర దారం తీశాడు, పచ్చది తీశాడు. డాక్టరుగారు కళ్ళు చూడటానికి దీపం దగ్గరికి తెస్తే, అలవాటు చొప్పున ఉఫ్ అని ఊదబోయాడు. పళ్ళు లేవు కాబట్టి ఆరలేదు. ఫిట్!

ప్రొఫెసరుగారు వెళ్ళే రోజు స్టేషన్‌కి అందరం వెళ్ళాం. చిన్నమ్మి అత్త ఆయనను ఒక్క మాట అడిగింది. "మా మాటలన్నీ రాసుకున్నారు, సంతోసం. మా పిల్లగుంటలకి ఆ కొక్కేల రాత వొద్దు బాబూ. అ ఆలు సెప్పీ మనిసినొకడిని పంపగలరేటి?"

ఆయన మంచి మనిషి. తలొంచుకున్నారు. తన శాఖ శబ్దాలదని, పలకలది కాదని చెప్పారు. బండి వచ్చింది.

అంచేత నా వాదన ఇప్పటికీ అదే, నోటి మెడికల్ దివ్యమైనది. మా మామ్మ ఊపిరి దగ్గర్నుంచి సింహాచలం మావ పళ్ళ సందు దాకా ఇప్పుడు రాతలో భద్రంగా ఉన్నాయి, ప్రపంచంలో పన్నెండు మంది చదవగలిగే అక్షరాల్లో! కోట్లమందికి పనికొచ్చే పలకా బలపం మా కాలనీకి రావడానికి మాత్రం ఏ బండీ ఖాళీ లేదు. మా పిల్లలు కొవ్వొత్తి ఆర్పగలరు. ఊరి నుంచి తాతగారి ఉత్తరం వస్తే దాన్ని తలకిందులుగా పట్టుకుంటారు.

పిల్లలేమిటి, నేను పట్టుకోనా? స్వహస్తాలతో రాస్తున్నానన్నాను కదా. నా హస్తాలకు ఇంగ్లీషులో వేగన్ నెంబర్లు, ఒక దిక్కుమాలిన అర్జీ, హిందీలో నా పేరు వచ్చు. తెలుగులో ఒక్క అక్షరం రాదు. ఇది రాస్తున్నది సాలూరులో అయిదో క్లాసు చదివిన చిన్నమ్మి అత్త. నాకు వేసిన శిక్షలో మొదటి సగం ఇది. చేసిందంతా నోటితో చెప్పాలి, ఆమె ఒక్క ముక్క వదలకుండా పత్రికకు రాస్తుంది. నేను "సెప్పినాను" అంటే పెద్దమనిషి తరహాలో "చెప్పాను" అని దిద్దుతోంది, తప్పులు మాత్రం దిద్దనివ్వడం లేదు. కలం మొదటిసారి ఆగింది నా మీసం తలుచుకుని నవ్వొచ్చి. రెండోసారి ఎందుకో నేను అడగలేదు.

శిక్షలో రెండో సగం రోజూ సాయంత్రం నడుస్తోంది. ఆమె వరండాలో ఆమె ముగ్గురు పిల్లలు, బంగార్రాజు కూతురు, వాళ్ళ మధ్య పలకతో నేను. నిన్న "ఖ" దగ్గరికి వచ్చాం.

కొవ్వొత్తి పెట్టలేదు. బెత్తం పెట్టింది.